మంచు కొండ మీద నల్లచార

బుధవారం, సత్వా, దుబాయ్

ఇవాళ కూడా మా ఆయన ఓడ మీద నుంచి ఫోటో పంపారు. దక్షిణ ధ్రువం వైపు ఏదో దీవి, దాని మీద నిలువెల్లా మంచు కప్పుకున్న కొండ. "సోమవారం చూసింది కాదులే, ఇది వేరే కొండ. నిన్ననే అక్కణ్ణించి బయల్దేరినాం. నువ్వు భయపడబాక," అని వాయిస్ పెట్టారు.

మధ్యాహ్నం షాపులో గళ్ల చొక్కాకి జేబు కుడుతున్నాను. జేబు గళ్లు చొక్కా గళ్లతో కలవాలి. ఎనిమిదేళ్లుగా నా కళ్లకు అదే పని. ఎందుకో సోమవారం వచ్చిన ఫోటో తెరిచి ఇవాళ్టి దాని పక్కన పెట్టాను. శిఖరం కింద వంకరగా దిగిన నల్లరాతి చార రెండింట్లోనూ ఒకటే. సోమవారం ఓడ చుట్టూ నల్లటి నీళ్లున్నాయి. ఇవాళ కొండ దాకా తెల్లగా గడ్డకట్టింది.

ఓడ కదల్లేదు.

"మిషన్ ఆపేసినావేందమ్మా?" అన్నాడు కటింగ్ మాస్టర్. దారం తెగింది అన్నాను.

ఆయనకి, "కొత్త కొండ బాగుందండీ, రేపు ఇంకోటి పంపండి" అని రాశాను. ఆయన అబద్ధానికి నా అబద్ధం.

రేపు కూడా ఆ చార కనిపిస్తుందేమోనని మధ్యాహ్నం నుంచీ భయపడ్డాను. ఇప్పుడు అదైనా కనిపిస్తే చాలనిపిస్తోంది. అసలు ఫోటోయే రాకపోతే...