నీ పేరు దగ్గర ఆగిన జోలపాట

అక్కా,

అమ్మ జోలపాటను కాగితం మీదికి దింపి పోస్టులో పంపమన్నావు. పాటలు దింపేవాళ్ళ ఇంట్లో పుట్టినదానివి, నీకు నేను చెప్పాలా? దింపిన పాట కాగితంలో వందేళ్ళయినా మోగుతుంది. పాడినవాళ్ళ గొంతులో మాత్రం ఇక ఉండదు. అందుకే మనవాళ్ళు ఎవరి పాటనైనా వాళ్ళ చివరి ఘడియ దాకా దింపరు.

గురువారం అమ్మ గొంతుకు ఆపరేషన్. మాట ఉండొచ్చు, పోవచ్చు అన్నాడు డాక్టరు. ఇప్పుడు దింపేశాక గొంతు నిలిస్తే, అమ్మ దగ్గర పాట ఉండదు. దింపకుండా గొంతు పోతే, ఎవరి దగ్గరా ఉండదు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. పోనీ నేనే నేర్చుకుందామంటే, పాటలు దింపే ఈ కలం పట్టినవాళ్ళకు పాట నిలవదాయె.

నువ్వు కలం పట్టలేదు. నీకు నిలుస్తుంది. చెవితో విని నేర్చుకుంటే ఎవరి పాటా ఎక్కడికీ పోదు.

మీ ఇద్దరి గొడవ సంగతి నేనెత్తను. అమ్మా ఎత్తడం లేదు. నిన్న మంచం పక్కన కూర్చుని, కలం ఇంకా కాగితానికి ఆనించకముందే, "కానివ్వవే, నాకేం భయం!" అంటూ తనే మొదలుపెట్టింది. పాటలో నీ ముద్దుపేరు వచ్చే చోట ఆగిపోయింది. మర్చిపోయిందేమోనని నీ పేరు అందించబోయాను.

"మర్చిపోలేదే. పిలిస్తే అది పలకాలి కదా" అంది, గుమ్మం వైపు చూస్తూ.

కలానికి మూత పెట్టేశాను. బుధవారం దాకా తియ్యను. వచ్చి పలుకు.

నీ చెల్లి