లెక్క నీ ఇంట్లోనే మొదలైందట

గోడాదరా, సూరత్

అవ్వా, నేనూ కడుపులో బిడ్డా బాగున్నాం, భయపడకు. ఒక్క గదిలో ఫోన్ మాట్లాడితే అందరూ వింటారని కార్డు రాస్తున్నాను. నిన్న డాక్టరమ్మ ఇరవై వారాలు నిండాయని, జూలై మొదట్లో కాన్పు అని చెప్పింది. మా అత్త నెల తప్పినప్పటి నుంచి లెక్కేసి ఆగస్టు అంటోంది. మీ అల్లుడు వేళ్ల మీద వారాలు వెనక్కి లెక్కపెట్టి తెల్లబోయాడు. "గప్పుడు సద్దుల బతుకమ్మ. నువ్వు మీ అవ్వగారింట్ల ఉన్నవ్, నేనీడ బట్టల మిల్లుల సాంచెల మీదున్న. గిదెట్లనే?" అని అన్నం సగంలో లేచాడు.

ఇవాళ మళ్లీ పోయి డాక్టరమ్మను అడిగితే, చివరిసారి ముట్టయిన రోజు నుంచే లెక్కట. ఆ రోజు నేను దూరంగా కూర్చుంటే నా బతుకమ్మను నువ్వే ఎత్తుకుపోయావు కదా! కడుపులో ఏమీ లేని రోజులనూ ఎందుకు కలుపుతారో నాకింకా అర్థం కాలేదు. ఆయనకు నువ్వే ఫోన్ చేసి జర నచ్చజెప్పు.

తమ్ముని జ్వరం తగ్గిందా? చింతకాయ తొక్కు పంపు. అత్త కాన్పు ఇక్కడే అంటోంది. లెక్క నీ ఇంట్లో మొదలైనప్పుడు కాన్పూ అక్కడే కావాలె. ఏడో నెల పడగానే నన్ను తీసుకుపోను బాపును తోలు. ఎవరి లెక్కలో ఏడో నెలని అడగకు, ముందు ఏది పడితే దానికే తోలు.

బాపుకు దండాలు.
నీ బిడ్డ ప్రసన్న