ముందే వేయించిన అడ్డుకార్డు

తొండుపల్లి. 2012 ఎండాకాలం, ఆదివారం.

ఇవాళ మనవరాలు స్వప్న, ఎయిర్‌పోర్టులో పనిచేసే మా కిరాయివాళ్ల కూతురు హారికతో బొమ్మల కార్డులాట ఆడింది. గెలిచినవాళ్లు అడిగిన కార్డు ఓడినవాళ్లు ఇచ్చేయాలి. ఎంత పెద్ద దెబ్బనైనా ఆపే అడ్డుకార్డు స్వప్న దగ్గర ఒక్కటే ఉంది. హారిక చిన్న పాము కార్డు వేసింది.

"పెద్ద ముక్క చేతిల పెట్టుకోవద్దు బిడ్డా, ముందుగాల అదే కొట్టు" అన్నాను.

"ఇంకా పెద్దది వస్తదేమో తాతా, జర ఆగుత."

"నువ్వు పుట్టకముందు సంది ముక్కలాడుతున్న. నాకు చెప్తవా?"

వేసేసింది. వెంటనే హారిక డ్రాగన్‌ను దించింది. ఆపడానికి స్వప్న చేతిలో ఏమీ లేదు, ఓడిపోయింది.

రమ్మీలో అవతలివాడు షో కొట్టి ఆట ముగించేలోపు పెద్ద ముక్కలు వదిలించుకోవాలి. నాకు వచ్చిన ఆట అదొక్కటే. ఇందులో పెద్దదాన్ని ఆపుకోవాలని అప్పుడు తెలిసింది.

"తాతగారూ, మీరే కదండీ వెయ్యమన్నారు?" అని హారిక నవ్వింది. వాళ్లమ్మ కూడా అక్కడే ఉంది.

"నేనేడ చెప్పిన? ఇదే తొందరపడ్డది" అన్నాను.

ఇంత మీసం పెట్టుకుని చిన్నపిల్ల మీదికి నెట్టాను. స్వప్న నా ముఖం చూసింది, కాదనలేదు. ఏడాదంతా బడిలో మార్చుకుని మార్చుకుని సంపాదించిన నెమలి కార్డును హారిక అడిగితే తీసి ఇచ్చేసింది.

అన్నం తినేటప్పుడు, "రేపు గట్ల తొందరపడను తాతా, నువ్వు పక్కన కూసో" అంది. తప్పు తనదే అనుకుంటోందో, నా పరువు కాస్తోందో తెలియలేదు.

"సరే తియ్" అన్నాను.