అమ్మ తిట్టని కార్డు

నాన్నగారికి వందనాలు. నేనిక్కడ కులాసా. మీ కార్డు మళ్లీ చదివిన దగ్గర్నుంచి మాత్రం మనసు మనసులో లేదు.

బైబిలు పాఠశాలలో ఈ వారం పాత నిబంధన ఎవరు రాశారన్న పాఠం. చాలామటుకు హెబ్రీ భాషేనట, దానియేలు లాంటి గ్రంథాలు మాత్రం మధ్యలో అరామిక్ భాషలోకి మారతాయట. మొదటి అయిదు కాండాలూ మోషే రాసినవే అని మా నాన్నగారు చెప్పారన్నాను. మాస్టారు నవ్వి, "మరి అయిదో కాండం చివర ఉన్న తన చావు సంగతి తనే ఎలా రాసుకున్నాడోయ్? రాసే మనిషి మారితే గొంతు మారుతుంది, చెవి పెట్టి వినాలి" అన్నారు.

గదికొచ్చి మీ కార్డు తీశాను. అమ్మకి రాయడం రాదు, తను చెబుతుంటే ఎప్పుడూ మీరే రాస్తారు. ఈసారి "అమ్మ చెప్పిన మాటలు" అన్నచోట ఒక్క తిట్టు లేదు. "ఆరోగ్యం జాగ్రత్త నాయనా" అట! నన్ను సన్నాసీ అనకుండా అమ్మ ఏనాడు మాట్లాడింది? అది మీ గొంతు నాన్నగారూ.

పోయినసారి అమ్మకి దగ్గన్నారు. తగ్గిందా? డాక్టరుకి చూపించారా? నా దగ్గర దాచకండి. పంపుతానన్న నా దుప్పటి పంపొద్దు, అమ్మకే కప్పండి. చెల్లికి దీవెనలు.

అమ్మ నోట ఒక్క తిట్టు చెప్పించి, ఉన్నదున్నట్టు రాయండి. అది అందేదాకా నాకు ముద్ద దిగదు.

ఇట్లు,
మీ సన్నాసి