వసారాలో పిలిచే పేరు

జాంటింగ్‌కి,

నీ రెమియా రాస్తున్నది. అత్తయ్యా, పాప బుంగా, నేనూ ఇక్కడ బాగున్నాం. ఈ మాట ప్రతి ఉత్తరంలోనూ అలవాటు కొద్దీ రాస్తాను గాని, ఈసారి నిజంగానే రాస్తున్నాను. నువ్వు అక్కడ ఎలా ఉన్నావు? బింతులు రేవులో ఎండలు మండిపోతున్నాయని రేడియోలో చెప్పారు. వెల్డింగ్ చేసేటప్పుడు కళ్ళద్దాలు పెట్టుకుంటున్నావా, లేక మునుపటిలాగే నెత్తి మీదికి తోసేసి పని చేస్తున్నావా?

నువ్వు అడిగినవాటికి ముందు జవాబు చెప్పేస్తాను. లేకపోతే "నేనడిగిందొకటి, నువ్వు రాసిందొకటి" అంటావు. మిరియాల తీగలకు పట్టిన కుళ్ళు పైవరసలో ఆగింది, కింది వరస పోయినట్టే. పడవ ఇంజను బాగైంది. కుంబోంగ్ మామ దగ్గరుండి చేయించాడు గాని, చేసినవాడి కంటే తనే ఎక్కువ అలసిపోయినట్టు సాయంత్రమంతా కాళ్ళు పట్టించుకున్నాడు. ఇన్ని కుటుంబాలు ఒకే కప్పు కింద ఉండే పొడుగింటికి పెద్దవాడు కదా, ఎవరూ ఏమీ అనలేకపోయారు. నీ తెల్ల చొక్కా ఇక్కడే ఉంది, పారేయలేదు.

ఇక బుంగాకి జ్వరం ఎందుకొచ్చిందని అడిగావు. దాని జవాబు ఫోనులో చెప్పేది కాదు. గుట్టెక్కితే తప్ప సిగ్నల్ రాదని నీకు తెలుసు. అక్కడ అందరూ వరసగా నిలబడి ఒకళ్ళ మాటలు ఒకళ్ళు వింటూంటారు. అందుకే రాస్తున్నాను.

వానలు వెనకబట్టాక, ఆరోగ్య శాఖ పడవలో నర్సు రోకియా వచ్చింది. ఎప్పటిలాగే వసారాలో చాప మీద కూర్చుని, బడి వయసు వచ్చిన పిల్లలకు టీకాలు వేయాలని పేర్లు చదువుతూ పోయింది. చదువుతూ చదువుతూ మన పిల్లాడి పేరు పిలిచింది. మీ అమ్మ పెట్టిన పేరు కాదు, మనం పెట్టిన మొదటి పేరు.

జాంటింగ్, ఆ పేరు విని ఎన్నేళ్ళయిందో నీకూ తెలుసు. వాడికి ఆ జ్వరం తగ్గకుండా పట్టుకున్నప్పుడు అత్తయ్య కలగని, ఆ పేరుని ఏదో దయ్యం వినేసిందని చెప్పి మార్చేసింది కదా. ఊలాత్ అని పెట్టింది. పురుగని పిలిస్తే ఏ దయ్యమూ ఆశపడదని. ఆ రోజు నుంచి మొదటి పేరు నోటితో అనడానికి వీల్లేదంది. పడవలో పట్నం తీసుకెళ్ళేటప్పుడు కూడా అనలేదు. ఆసుపత్రిలో అడిగితే ఊలాత్ అనే చెప్పాను. మంచం తలాపున ఊలాత్ అనే రాశారు. వాడు పోయినప్పుడు చీటీలోనూ ఊలాతే పోయాడు. మొదటి పేరువాడు ఆరోగ్య శాఖ లెక్కలో పోలేదు. వాడికి ఈ ఏడు బడి ఈడు వచ్చింది.

రోకియా పేరు పిలవగానే వసారా అంతా కొయ్యబారిపోయింది. నేత నేస్తున్నవాళ్ళు ఆగిపోయారు. పేకాడుతున్నవాళ్ళు ముక్కలు కింద పెట్టేశారు. పోయినవాళ్ళను పేరు పెట్టి పిలవకూడదని వేరే ప్రాంతం నుంచి వచ్చిన ఆ పిల్లకేం తెలుసు? వినబడలేదేమోనని రెండోసారి ఇంకా గట్టిగా పిలిచింది. అప్పుడు నా ఒళ్ళో కూర్చున్న బుంగా చెయ్యెత్తి "ఉన్నాను" అంది.

దానికి ఆ పేరు ఎవరు చెప్పారు? ఎవరూ చెప్పలేదు. వాడు పోయాక పుట్టిన పిల్ల. రోకియా ఎవరి పేరు పిలిచినా పిల్లలు చెయ్యెత్తడం చూసి ఇదీ ఎత్తిందేమో. నేను అలాగే అనుకుందామనుకున్నాను. అత్తయ్య అనుకోనివ్వలేదు. చాప మీద నుంచి లేచొచ్చి పిల్ల చెయ్యి కిందికి లాగి, వెళ్ళి గదిలో కూర్చుంది. మర్నాటికి బుంగా ఒళ్ళు కాలిపోయింది.

తరవాత ఏమైందో చెబితే నువ్వు నన్ను పిరికిదాన్నంటావు, అను. కుక్కలు నిచ్చెన మొదట్లో నిలబడి ఎవరో పైకి వస్తున్నట్టు తోక ఊపేవి. అత్తయ్య అన్నం ముట్టడం మానేసింది. పిలిచినందుకు వచ్చేవాడు మన పిల్లాడు కాదంటుంది. వాడు పురుగు పేరుతో ఆ లోకానికి హాయిగా వెళ్ళిపోయాడట, వదిలేసిన పేరు మాత్రం ఒంటరిగా తిరుగుతోందట, దానికి ఒక ఒళ్ళు కావాలట. బుంగాకి కూడా పేరు మార్చేద్దామని పట్టుబట్టింది. నేను ఒప్పుకోలేదు. పేరు మార్చి ఒకణ్ణి పోగొట్టుకున్నానని మొహం మీదే అనేశాను. అనకూడదు, తెలుసు. ఆవిడ ఏడవలేదు. "నువ్వు నన్ను తిట్టినా సరే, పిల్ల దక్కితే చాలు" అంది.

జ్వరానికి మళ్ళీ రోకియానే మందిచ్చింది. అప్పుడే ఆ అమ్మాయిని పక్కకు పిలిచి ఉన్నదంతా చెప్పాను. పాపం, మొహం చిన్నబుచ్చుకుంది.

"నాకర్థమైందక్కా. కానీ ఈ పేర్లు పైనుంచి, రాష్ట్ర ఆఫీసునుంచి వస్తాయి. పోయినట్టు కాగితం లేకుండా నేను కొట్టేయలేను. పిలవకుండా వదిలేస్తే పిల్లాడికి టీకా ఎందుకెయ్యలేదని నన్నడుగుతారు."

మళ్ళీ వచ్చినప్పుడు మెల్లగా పిలవమని కుంబోంగ్ మామ సలహా ఇచ్చాడు. ఆ అమ్మాయి అలాగే తలొంచుకుని గుసగుసగా పిలిచింది. అది ఇంకా ఘోరం. వసారాలో ఉన్నవాళ్ళంతా ఊపిరి బిగబట్టి ఆ గుసగుస కోసమే చెవులు రిక్కించారు. నువ్వుంటే నవ్వేవాడివి. ఆ తరవాత నవ్వలేకపోయేవాడివి.

దాంతో నేనే కుచింగ్ వెళ్ళి రాష్ట్ర ఆరోగ్య శాఖలో చెప్పి వస్తానన్నాను. ఆ రెండు పేర్లూ ఒకడివేనని కుంబోంగ్ మామ ఉత్తరం రాయించి వేలిముద్ర వేసిచ్చాడు. అత్తయ్య దారికి అన్నం ఆకులో కట్టి, "ఆ పేరుని చంపేసి రా" అంది. అన్నం మూట అంత మెత్తగా చేతికిస్తూ అంత మాట అంది. పడవలోనూ బస్సులోనూ దారి పొడుగునా ఆ మాటే నా చెవుల్లో మోగింది.

అక్కడ రికార్డులకు ఒక కిటికీ, ఫిర్యాదులకు ఒకటి, సేవలకు ఒకటి. నాది ఏదో నాకే తెలియలేదు. ఫిర్యాదుల దగ్గరికెళ్తే ఎవరి మీద అన్నారు. ఎవరి మీదని చెప్పను? చివరికి రికార్డుల కిటికీలో హస్నా అనే ఆవిడ కూర్చోబెట్టి, మంచినీళ్ళిచ్చి, కంప్యూటరులో వెతికింది. వెతికి నాకేసి చూసి, "మీకు కవలలా?" అంది.

ఇద్దరూ కనిపించారట. ఒకే తల్లి, ఒకే తండ్రి, ఒకే పుట్టిన రోజు. ఊలాత్ అనేవాడికి ఆసుపత్రి, జ్వరం, మరణం తప్ప ఏమీ లేదు. రెండోవాడికి అన్నీ ఉన్నాయి. పుట్టినప్పటి బరువు, మొదటి టీకా, పళ్ళు, తల కొలత. మధ్యలో ఒక నర్సు "బాగా నవ్వుతాడు" అని కూడా రాసుకుందట. హస్నా అది చదివి వినిపించింది. చావు మాత్రం లేదు. వాడి పక్కన ఇప్పటికీ ఆకుపచ్చ గుర్తు వెలుగుతోంది.

ఆవిడ చాలా ఓపికగా చెప్పింది. ఇద్దరూ ఒకడేనని ఊరి పెద్ద రాసిస్తే, నేను సంతకం పెడితే, రెండూ కలిపేసి మూసేస్తారట. మళ్ళీ ఎవరూ ఆ పేరు పిలవరట. ఉత్తరం నా సంచీలోనే ఉంది. చెయ్యి సంచీలోకి పెట్టాను కూడా. ఆవిడ ఊరికే, రాసుకోవడానికని అడిగింది:

"ఇంతకీ ఈ అబ్బాయి ఇప్పుడెక్కడున్నాడమ్మా?"

"వాళ్ళ నాన్న దగ్గర" అన్నాను.

ఇంతసేపూ రాయకుండా దాచింది ఇదే, జాంటింగ్. అలా అనాలని ఇంటి దగ్గర అనుకోలేదు, దారిలో అనుకోలేదు. నోట్లోంచి వచ్చేసింది. వచ్చాక వెనక్కి తీసుకోబుద్ధి కాలేదు. కవలలేనన్నాను. ఒకడు పోయాడు, ఇంకొకణ్ణి తండ్రి బింతులు తీసుకెళ్ళాడన్నాను. అదే అయితే సులువు, పేరు అక్కడి క్లినిక్కుకి మార్చేస్తానంది. పొడుగింటి పట్టికలోంచి పేరు పోతుందా అని అడిగాను. పోతుందంది. నీ రేవు గదుల చిరునామా, ఫోను నంబరు ఇచ్చాను. సంతకం పెట్టేశాను.

మొన్న రోకియా వచ్చింది. పేర్లన్నీ చదివింది. వాడి పేరు లేదు. అందరూ ఊపిరి పీల్చుకున్నారు, ఎవరో తువాక్ కల్లు కూడా పోశారు. అత్తయ్య ఆ పూట రెండుసార్లు అన్నం పెట్టించుకుంది. నా చెయ్యి పట్టుకుని "గట్టిదానివే" అంది. బుంగా ఆడుకుంటోంది, జ్వరం మళ్ళీ రాలేదు. కుక్కలు నిచ్చెన దగ్గర నిలబడడం మానేశాయి. అందుకే బాగున్నామని రాశాను. నాకు మాత్రం ఆ వసారా బావురుమంటూ కనిపిస్తోంది. వాళ్ళందరికీ దయ్యం పోయింది, నాకు కొడుకు మళ్ళీ పడవెక్కి వెళ్ళాడు.

నీకు ఆపద తెచ్చిపెట్టానేమోనని భయం లేకపోలేదు. కానీ ఆ క్రేన్ల రొదలో ఏ దయ్యానికి ఏం వినబడుతుంది? పైగా వాడు పోయిన ఏడు నదిలో నీళ్ళు లేక నీ పడవ ఆగిపోయి, నువ్వొచ్చేసరికి వాణ్ణి మట్టిలో పెట్టేశాం. నువ్వు వాడి మొహం ఆఖరిసారి చూడలేదు. పోయిన ఉత్తరంలో, వాడి గొంతు గుర్తుకు తెచ్చుకుందామంటే రావడం లేదని రాశావు. ఆ ముక్క చదివాక నాకు చాలాసేపు పని చేయబుద్ధి కాలేదు. కొన్నాళ్ళు వాడు నీ దగ్గర ఉంటే తప్పేముంది అనిపించింది.

ఏదో ఒక రోజు అక్కడి క్లినిక్కునుంచి నీకు ఫోనొస్తుంది. పేరు చెప్పి, మీ అబ్బాయిని టీకాకి ఎప్పుడు తీసుకొస్తారని అడుగుతారు. కుంబోంగ్ మామ ఉత్తరం దీంతో పాటే పంపుతున్నాను. పోయాడని చెప్పాలనిపిస్తే చెప్పు, కాగితం పంపించు. నిన్ను ఒక్క మాట అనను. నా వల్ల కాలేదు, నీ వల్ల అవుతుందేమో. కాకపోతే ఏం చెప్పినా వెంటనే చెప్పకు. సరిగా వినబడలేదు, ఏ పేరన్నారూ అని అడుగు. మళ్ళీ చెబుతారు.

ఇట్లు,
నీ ఇల్లాలు
రెమియా