ఆవ్రిల్ చేసిన తల

ఆక్టన్, మంగళవారం

అమ్మాయి రోజలిండ్‌కు,

నాన్న ఆశీస్సులు. ఈ ఇంట్లో క్షేమంగా ఉండవలసింది ఇప్పుడు నేనొక్కణ్ణే. ఉన్నాను. అక్కడ నువ్వూ పిల్లలూ బాగున్నారని తలుస్తాను.

అడిగినవాటికి జవాబులు. మోకాలు ఫరవాలేదు. వేళకే తింటున్నాను. అమ్మ కోటు ఎవరికీ ఇవ్వలేదు, ఇవ్వను.

మ్యూజియం సంగతి అడిగావు. టీవీ సీరియల్ కోసం చేసిన ఆ సముద్రపు పురుగు తలను వాళ్ళకు అరువిచ్చాను. నిన్న వెళ్ళి చూస్తే అద్దాల పెట్టె ముందు చీటీ: 'తయారీ: లయొనెల్ హాస్కెట్'.

"ఇది తప్పు. మా ఆవిడ పేరు రాయండి" అన్నాను.

అక్కడి అధికారి మిస్ ప్రూయెట్ మంచి పిల్లే. "రికార్డుల్లో మీ పేరే ఉంది కదండీ?"

"రాయించింది నేనే. అబద్ధం రాయించాను."

నీకూ ఇన్నాళ్ళు చెప్పలేదు. నేను చేసిన తల పాడైపోయింది. ప్లాస్టర్ అచ్చుకు సబ్బు పూయడం మరిచాను, రబ్బరు అంటుకుని చిరిగింది. షూటింగ్‌కు రెండు రోజులే ఉంది. మా వర్క్‌షాపులో రోజుకూలీకి కుట్టుపని చేసే మీ అమ్మ మన వంటింట్లో కొత్త తల చెక్కి, అచ్చు తీసి, మన అవన్‌లోనే నురగ రబ్బరు కాల్చి గట్టిపరిచింది. కనురెప్పలు ఆడేలా సైకిల్ బ్రేకు తీగ బిగించింది. ఆ తరవాత నెల్లాళ్ళు ఆదివారం మాంసం రబ్బరు వాసన వేసేది. నువ్వు పళ్ళెం తోసేసేదానివి.

తెర మీద ఒక్కో విభాగానికి ఒక్క పేరే వేసేవారు. నాది వేశారు. ఆ తలకు వచ్చిన బహుమతీ నాకే ఇచ్చారు. వేదిక మీద ఏమన్నానో తెలుసా? "మా ఆవిడ టీ పెట్టింది" అన్నాను. అందరూ నవ్వారు. ఆమె చప్పట్లు కొట్టింది. కారులో మాత్రం, "ఇకనుంచి టీ నువ్వే పెట్టుకో, లయొనెల్" అంది. అంతే. ఆ మాట మళ్ళీ ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు.

"ఆధారం ఏదైనా ఉందా?" అంది మిస్ ప్రూయెట్. "లేకపోతే కమిటీ ఒప్పుకోదండీ. పైగా మీ బహుమతి కూడా ఇచ్చినవాళ్ళు వెనక్కి అడగొచ్చు."

"అడగక్కర్లేదు, నేనే పంపుతాను. పెట్టె తెరవండి."

"శుక్రవారం ప్రదర్శన ప్రారంభమండీ!"

"పేరు రాస్తే శుక్రవారం పొద్దున్నే తెస్తాను."

తలను కూరగాయల చక్రాల సంచీలో పెట్టుకుని బస్సెక్కాను. కళ్ళు బయటికే ఉన్నాయి. డ్రైవరు చూసి, "ఏంటి పెద్దాయనా, ఆయనక్కూడా టికెట్టా?" అన్నాడు.

"మా ఆవిడ చేసింది" అన్నాను, బస్సంతా వినబడేలా.

"అమ్మో! ఆవిడతో జాగ్రత్తగా ఉండండి."

వెనక ఎవరో నవ్వారు. ఈసారి ఆ నవ్వు నా మీద. బాగుంది.

బహుమతిని ఈ ఉదయం పోస్టు చేశాను. నిజం రాసి, సంతకం చేసి, జతపరిచాను. మధ్యాహ్నం మ్యూజియం నుంచి ఫోను వచ్చింది: 'లయొనెల్, ఆవ్రిల్ హాస్కెట్' అని వేస్తారట. కుదరదన్నాను. ఆమె పేరొక్కటే. లేదంటే ఖాళీ పెట్టెకు రిబ్బను కోసుకోమన్నాను.

పత్రికలో పడితే నీకు తలవంపులు కావచ్చు. అందుకే ముందుగా తెలియజేస్తున్నాను. అనుమతి అడగడం లేదు.

ఇట్లు,
ఆవ్రిల్ భర్త,
మీ నాన్న