ఒక్క గొంతుకే అడ్డు

ప్రియమైన అక్కకి,

'ప్రియమైన' అని చేయి అలవాటుకొద్దీ రాసేసింది. ఇంటికొస్తే గొడవవుతుందని ఉత్తరం రాస్తున్నాను.

నాటకం నడుస్తుండగా తెర వెనక గోడ సెట్టు దిగుతుంటే నేను హెడ్‌సెట్‌లో "ఆపు" అన్నాను. పైన తాళ్లు లాగే బాబాయికి వినిపించలేదు. గోడ పెద్దనటుడి భుజం మీద పడి ఎముక విరిగింది. నేను ఆపమనలేదని నన్ను పనిలోంచి తీసేశారు. సరే. కానీ "హెడ్‌సెట్‌లో నాకూ ఏమీ వినిపించలేదు" అని మేనేజరుకు సంతకం పెట్టి ఇచ్చింది ఎవరు? నువ్వు! నేను నత్తివాణ్ణే గానీ మూగవాణ్ణి కాను.

నీ తమ్ముడు

*

ఒరేయ్ తమ్ముడూ,

నీకు కోపం ఎప్పుడూ ముక్కు మీదే. వినిపించనిది వినిపించిందని ఎలా రాయను? బయటి కంపెనీల వాయిస్ చాట్‌లలో మాట అర సెకను ఆలస్యంగా వస్తోందని, నాలుగు రకాలు చూసి, మన హెడ్‌సెట్లను కలపడానికి థియేటర్ కంప్యూటర్‌లోనే నడిచే సర్వర్ ఏరి తెచ్చాను. ఇందులో మాట ఇలా అంటే అలా చేరుతుంది. రోజూ అందరికన్నా ముందొచ్చి పన్నెండు హెడ్‌సెట్లూ పరీక్షిస్తాను. నా సర్వర్‌ని ఆడిపోసుకోకు. కంగారులో నీకే మాట పెగల్లేదేమో. ఒప్పుకుంటే పోయేదేముంది?

ప్రేమతోనే,
అక్క

*

అక్కా,

తప్పు చేస్తే కదా ఒప్పుకోవడానికి! నిన్న నువ్వు భోజనానికి వెళ్లినప్పుడు బాబాయి నన్ను లోపలికి పిలిచాడు. నా పేరుతో లాగిన్ అయి "ఆ ఆ ఆపు" అన్నాను. ఆయనకు చివరి "పు" ఒక్కటే వచ్చింది. అదే హెడ్‌సెట్‌లో ఆయన పేరుతో లాగిన్ అయి అదే మాట అంటే నత్తితో సహా అంతా వినిపించింది. సర్వర్‌లో నా పేరు దగ్గర ఏముంది? చూసి రాయి. దబాయించకుండా రాయి.

తమ్ముడు

*

నా తమ్ముడికి,

చూడనక్కర్లేదు. అక్కడ ఏముందో నాకు తెలుసు, పెట్టింది నేనే. నీ ఉత్తరం చదివేదాకా ఆ సంగతి గుర్తుకు రాలేదు. రాలేదో, నేను రానివ్వలేదో.

ఫ్యాన్ల హోరు వినపడకుండా చిన్న శబ్దాలను ఆపే ఏర్పాటు అందులో ఉంది. అందరికీ కొంచెమే పెట్టాను. పోయిన నెల నీ ఒక్కడికి మాత్రం, ముక్కలు ముక్కలుగా వచ్చే శబ్దం ఏదీ దాటకుండా పెంచేశాను. రిహార్సల్లో నీ "ఆ ఆ" విని ఎవరో కిసుక్కుమన్నారు. నాకు ఒళ్లు మండింది. వాళ్ల నోరు మూయించడం చేతకాక నీ నోరు మూశాను. ఆ తర్వాత డైరెక్టరు "మీవాడికి నత్తి తగ్గిందే" అంటే మురిసిపోయాను కూడా. ఛీ, నేనేం అక్కని!

ఇదంతా రాసి పెద్దనటుడి ఎదుటే మేనేజరుకు ఇచ్చాను. నీ పని నీకు వచ్చేసింది. నా సంగతి వాళ్లింకా తేల్చలేదు.

అక్క

*

అక్కా,

క్షమించానని రాయను. ఎవరో నవ్వారని నా కోసం బాధపడ్డావు చూడు, దానికే నాకు ఇంకా మండుతోంది. నవ్వితే నవ్వనీ, ఆ మనిషి భుజం మిగిలేది కదా!

సోమవారం పనిలోకి వెళ్లేముందు మీ ఇంటికొస్తాను. ఎదురుగా కూర్చుని నిన్ను తిట్టాలి. నాకు చాలాసేపు పడుతుంది. మధ్యలో ఒక్క మాట కూడా అందించకు.

తమ్ముడు